మొక్కు లేని ప్రయాణం: ఊటీకి నలుగురు స్నేహితురాళ్ళం

ఈ ఫిబ్రవరి 2న తెనాలిలో రైలెక్కి, 8న తిరిగి వచ్చిన నలుగురు స్నేహితురాళ్ళలో నేనొకదాన్ని. అందరం ఇంటర్మీడియట్ కలిసి చదువుకున్నవాళ్ళం, అందరికీ అరవై దాటి నాలుగైదేళ్ళయింది. మా వయసు ఆడవాళ్ళు ఇల్లు కదలాలంటే తిరుపతి మొక్కో, కాశీలో నిద్రో, పెళ్ళో, పురుడో, పరామర్శో ఏదో ఒకటి ఉండాలి. కేవలం చల్లటి గాలి పీల్చుకుని, కొండలు చూసి, తీరుబడిగా కబుర్లు చెప్పుకుని రావడానికి వెళ్తున్నామని ఇంట్లో చెప్పి బయలుదేరడం మా నలుగురికీ ఇదే మొదటిసారి. ఇలాంటి కోరిక ఉండి కూడా గడప దాటలేక ఆగిపోయిన వాళ్ళు మా బంధువుల్లోనే చాలామంది ఉన్నారు కాబట్టి, ఏది ఎలా జరిగిందో వరుసగా రాస్తున్నాను.

ముందు మా వాళ్ళ గురించి చెప్పాలి. సుభద్ర బ్యాంకులో క్యాషియరుగా చేసి రిటైరయింది. మెహరున్నీసా ప్రభుత్వ ఆసుపత్రిలో స్టాఫ్ నర్సుగా పనిచేసింది. నేను హైస్కూల్లో తెలుగు చెప్పాను. నాగమణికి మాత్రం ఇంటర్ అవుతూనే పెళ్ళయింది, భర్త తోడు లేకుండా గుంటూరు దాటి ఎరగదు. ఊటీ మాట మొదట ఎత్తింది కూడా నాగమణే.

నవంబరు మొదటి వారంలో ఇళ్ళల్లో చెప్పాం. మా అబ్బాయి అడిగిన మొదటి ప్రశ్న, "అక్కడ ఏ గుడి ఉందమ్మా?" అని. గుడి కోసం కాదురా అన్నాను. కాసేపు ఆలోచించి, తోడుగా తన బావమరిదిని పంపిస్తానన్నాడు. ఆ అబ్బాయి మంచివాడే కానీ, అతను వెంట ఉంటే అతనికి వేళకు అన్నం పెట్టడమే మా పని అయిపోతుందని నచ్చజెప్పడానికి మూడు రోజులు పట్టింది. నాగమణి ఇంట్లో అంతకంటే ఎక్కువ కాలం పట్టింది. వాళ్ళాయన వద్దనలేదు, అలాగని ఊ అనీ అనలేదు. రెండు వారాల పాటు పేపరు ముఖానికి అడ్డం పెట్టుకుని కూర్చున్నారట. చివరికి సుభద్ర వెళ్ళి, "అన్నయ్యగారూ, కుక్కరు పెట్టుకోవడం నేను నేర్పిస్తాను, దానికి రెండు పూటలు చాలు," అని చెప్పి, నిజంగానే రెండు పూటలు కూర్చుని నేర్పించి వచ్చింది. ఇలాంటి ప్రయాణంలో అన్నిటికన్నా కష్టమైన భాగం ఇదేనని నా అభిప్రాయం. టిక్కెట్లు, గదులు, చలి అన్నీ దీని తరవాతే.

తేదీలు ఖాయం చేసుకోవడం ఈ ఏడాది మాకు కలిసివచ్చింది. మామూలుగా మాఘమాసమంటే వారానికి రెండు శుభలేఖలు వస్తాయి, మా వయసు వాళ్ళు వెళ్ళకపోతే ఎదుటివాళ్ళు బాధపడతారు. ఈసారి శుక్ర మూఢమి వల్ల మాఘమాసంలో ముహూర్తాలు లేవు. ఫిబ్రవరి 15న శివరాత్రి, ఆ తరవాత కొద్ది రోజులకే రంజాన్ నెల మొదలవుతుంది కాబట్టి, అటు నాగమణికీ ఇటు మెహరున్నీసాకూ ఇబ్బంది లేకుండా ఫిబ్రవరి మొదటి వారాన్ని ఎంచుకున్నాం.

రైలు టిక్కెట్లు ఇప్పుడు ప్రయాణానికి 60 రోజుల ముందు మాత్రమే ఇస్తున్నారు. అందుకని డిసెంబరు 4న ఉదయం ఎనిమిదికి సుభద్ర ఇంట్లో ఫోన్లు ముందు పెట్టుకుని కూర్చున్నాం. తెనాలి నుంచి పినాకిని ఎక్స్‌ప్రెస్‌లో చెన్నై, అక్కడి నుంచి రాత్రికి నీలగిరి ఎక్స్‌ప్రెస్‌లో కొండ కింది మేట్టుపాళయం, ఇదీ దారి. ఇక్కడ ఒక ముఖ్యమైన సంగతి. పెద్దవాళ్ళకు కింది బెర్తులు ఇచ్చే కోటా ఒక టిక్కెట్టు మీద ఒకరో ఇద్దరో ఉన్నప్పుడే వర్తిస్తుంది, నలుగురి పేర్లూ ఒకే టిక్కెట్టులో రాస్తే వర్తించదు. సుభద్రకు ఈ సంగతి ముందే తెలుసు కాబట్టి ఇద్దరిద్దరిగా రెండు టిక్కెట్లు తీసింది, నలుగురికీ కింది బెర్తులే వచ్చాయి. మోకాళ్ళ నొప్పులున్న ఆడవాళ్ళకు ఈ ఒక్క విషయం తెలిస్తే సగం ప్రయాణం సుఖంగా జరిగినట్టే. ఛార్జీలో మాత్రం రాయితీ లేదు. 2020 మార్చిలో ఆపేసిన సీనియర్ సిటిజన్ల రాయితీని రైల్వే మళ్ళీ ఇవ్వలేదు. ఒకప్పుడు యాభై ఎనిమిదేళ్ళు నిండిన ఆడవాళ్ళకు సగం ధరకే టిక్కెట్టు దొరికేది, అది పోవడం నాకు ఇప్పటికీ బాధగానే ఉంటుంది.

మర్నాడు కొండ రైలు టిక్కెట్ల కోసం మళ్ళీ కూర్చున్నాం. మేట్టుపాళయం నుంచి ఊటీకి ఉదయం ఏడు దాటాక బయలుదేరే ఆ బండిలో సీట్లే తక్కువ. మొదటి టిక్కెట్టులో ఇద్దరికి దొరికాయి, రెండోది తీసేసరికి వెయిటింగు లిస్టు అని వచ్చింది. డిసెంబరు 9న తిరుగు ప్రయాణానికి ప్రయత్నిస్తే మాత్రం నలుగురికీ హాయిగా దొరికాయి. పైకి ఎక్కే బండికున్న గిరాకీ దిగే బండికి లేదు.

ఆ రెండు నెలలూ నిరీక్షణే. నేను రోజూ పొద్దున్నే వెయిటింగు నంబరు చూసేదాన్ని, అది సంక్రాంతి దాకా కదల్లేదు. మెహరున్నీసా మమ్మల్ని డాక్టరు దగ్గరికి పంపింది. ఊటీ దాదాపు 2,240 మీటర్ల ఎత్తున ఉంటుంది, బీపీ మందులు వాడేవాళ్ళు ఒకసారి అడిగి బయలుదేరడం మంచిదని దాని పట్టుదల. ముఖ్యంగా నీళ్ళ బిళ్ళ, అంటే మూత్రం ఎక్కువగా పోయేలా చేసే మందు, వేసుకునే నాగమణి, ప్రయాణం రోజుల్లో దాన్ని ఏ వేళకు వేసుకోవాలో డాక్టరుగారి చేత చీటీ మీద రాయించుకుంది. ఆ చీటీ ఎంత ఉపయోగపడిందో తరవాత చెబుతాను.

ఫిబ్రవరి 2 సోమవారం తెల్లవారుజామున తెనాలి స్టేషనుకు నాలుగు కుటుంబాలూ వచ్చాయి. నాగమణి వాళ్ళాయన మంచినీళ్ళ సీసాలు కొనిచ్చి, బండి కదిలేదాకా కిటికీ పక్కనే నిలబడి, "తాళాలు ఎక్కడ పెట్టావు?" అని మాత్రం అడిగారు. బండి చీరాల దాటేదాకా ఎవ్వరం పెద్దగా మాట్లాడుకోలేదు. ఇంట్లో స్టవ్ ఆపామా, పాలవాడికి చెప్పామా అన్నవే అందరి మనసుల్లోనూ. ఒంగోలు దాటాక సుభద్ర పులిహోర డబ్బా మూత తీసింది. ఆ తరవాత చెన్నై దాకా మాటలకు అడ్డూ ఆపూ లేదు.

చెన్నై సెంట్రల్‌లో మధ్యాహ్నం ఒంటిగంటకు దిగితే రాత్రి తొమ్మిది దాటాక గానీ నీలగిరి ఎక్స్‌ప్రెస్ లేదు. డబ్బు కట్టే ఏసీ వెయిటింగు హాల్లో కూర్చున్నాం. గంటల లెక్కన తీసుకుంటారు, మా వయసుకు ఆ డబ్బు పెట్టడం తప్పదనే చెబుతాను. అక్కడ కూర్చుని ఉండగానే రాత్రి ఎనిమిదిన్నర ప్రాంతంలో కొండ రైలు చార్టు తయారైంది. వెయిటింగు ఒకటి, రెండు దగ్గరే ఆగిపోయింది. ఇద్దరికి సీట్లున్నాయి, ఇద్దరికి లేవు. మోకాళ్ళ నొప్పులున్న నేనూ నాగమణీ రైల్లో వెళ్ళాలనీ, మిగిలిన ఇద్దరూ కారులో వస్తామనీ సుభద్ర అంది. మెహరున్నీసా ఒప్పుకోలేదు. "బయలుదేరింది నలుగురం, ఎక్కేది నలుగురం. కారైతే కారే," అంది. అప్పటికి చార్టు అయిపోయింది గనుక ఉన్న రెండు సీట్ల డబ్బు, ఆరువందల దాకా, తిరిగి రాదు. అయినా ఆ మాట విన్నాక నా మనసు ఎంత తేలికపడిందో చెప్పలేను.

కారు అనగానే ఈ-పాస్ గుర్తుకొచ్చింది. మద్రాసు హైకోర్టు ఆదేశం మేరకు 2024 మే నుంచి నీలగిరి జిల్లాలోకి బయటి వాహనాలు వెళ్ళాలంటే అది ఉండాలి. రైల్లోనూ ప్రభుత్వ బస్సుల్లోనూ వెళ్ళేవాళ్ళకు అక్కర్లేదు. మేము దిగబోయే లాడ్జివాళ్ళకు ఫోన్ చేస్తే మేట్టుపాళయంలో ఒక డ్రైవరు నంబరు ఇచ్చారు. అతను బండి నంబరు వాట్సాప్‌లో పంపాడు. ఎంతమంది వస్తున్నారు, ఎక్కడ ఉంటారు, ఎన్నాళ్ళు ఉంటారు అన్నవి నింపి, ఫోనుకు వచ్చిన ఓటీపీ కొడితే వెంటనే పాస్ వచ్చేసింది. మొత్తం పావుగంట పని. కళ్ళజోడు మార్చుకుంటూ, గళ్ళు నింపుతూ, "పర్యటన ఉద్దేశం" అన్న చోట విహారం అని నొక్కినప్పుడు నాకు కలిగిన సంతోషం చిన్నది కాదు.

మర్నాడు పొద్దున్న ఆరున్నరకు మేట్టుపాళయంలో దిగాం. పక్క ప్లాట్‌ఫారం మీద నీలం రంగు కొండ రైలు సిద్ధంగా నిలబడి ఉంది. నాగమణి దాని దగ్గరికి వెళ్ళి, పెట్టె మీద చెయ్యి వేసి, "శనివారం కలుద్దాం," అని చెప్పి వచ్చింది. కారుకు 2,600 రూపాయలు.

కల్లారు చెక్‌పోస్టు దగ్గర పాస్ చూసి వెంటనే వదిలేశారు కానీ, సంచులు తెరవమన్నారు. నీలగిరి జిల్లాలో ప్లాస్టిక్ నీళ్ళ సీసాలు, ఒక్కసారి వాడి పారేసే కవర్లు నిషిద్ధం. తెనాలి స్టేషన్లో కొనిచ్చిన సీసాలు అక్కడే ఇచ్చేశాం. ఆ తరవాత నాగమణి సంచిలోంచి కందిపొడి, కారప్పొడి, నువ్వులపొడి, కరివేపాకు పొడి, అన్నీ పల్చటి కవర్లలో మూతులు ముడివేసినవి, ఒక్కొక్కటే బయటికి వచ్చాయి. అక్కడి ఉద్యోగిని తమిళంలో ఏదో అంది, మాకు అర్థం కాలేదు. మెహరున్నీసా సైగ చేసి ఆగమని, పులిహోర తెచ్చిన స్టీలు క్యారేజీ తీసి, కారు బానెట్ మీద పెట్టి, ఒక్కో గిన్నెలోకి ఒక్కో పొడి ఒంపింది. గాలికి కాస్త కారప్పొడి ఎగిరి అందరం తుమ్మాం, ఆ ఉద్యోగిని కూడా తుమ్మి నవ్వేసింది. ఖాళీ కవర్లు ఆమె తీసుకుంది. స్టీలు సీసాలు తీసుకుని వెళ్ళండి. దారి పొడవునా, ఊళ్ళోనూ మంచినీళ్ళ ఏటీఎంలు ఉన్నాయి, నింపుకోవచ్చు.

గదులు రెండు, ఒక్కోటి రాత్రికి 2,200. మాకు ముందుగా తెలియని సంగతులు రెండు. వేడినీళ్ళు పొద్దున్న ఆరు నుంచి తొమ్మిది దాకే వస్తాయి. హీటరు కావాలంటే గదికి రాత్రికి 300 వేరుగా కట్టాలి. తీసుకున్నాం, తీసుకోకపోతే నిద్ర పట్టే చలి కాదది. స్వెట్టరు మీద శాలువా, దాని మీద రెండు రగ్గులు, కాళ్ళకు మేజోళ్ళు. మెహరున్నీసా ఆ సాయంత్రం అందరికీ బీపీ చూసి, ఆ పూట ఎవరూ బయటికి కదలకూడదని కట్టడి చేసింది. మేడ మెట్లెక్కుతుంటేనే ఆయాసం వచ్చింది కాబట్టి ఎవ్వరం ఎదురు చెప్పలేదు.

బుధవారం పొద్దున జరిగినది నాకు ఈ ప్రయాణం మొత్తంలో బాగా గుర్తుండిపోయింది. అలవాటు కొద్దీ అయిదింటికి మెలకువ వచ్చింది. పక్క మంచం మీద సుభద్ర కూడా కళ్ళు తెరిచి పైకప్పు చూస్తోంది. ఇద్దరం అలాగే పడుకున్నాం. లేచి ముఖం కడుక్కుని పాలు పొయ్యి మీద పెట్టాలన్న తొందర ఒంట్లో ఎక్కడో ఉంది, కానీ పొయ్యి లేదు, పాలు లేవు, కాఫీ కోసం ఎదురుచూసేవాళ్ళూ లేరు. ఆరింటికి అవతలి గది నుంచి నాగమణి ఫోన్ చేసి, "మీరూ లేచారా? ఇప్పుడేం చెయ్యాలే?" అని అడిగింది. ఏమీ చెయ్యక్కర్లేదు, పడుకో అంది సుభద్ర. ఏడింటికి కుర్రాడు ట్రేలో నాలుగు కాఫీలు తెచ్చాడు. నలుగురం ఒకే మంచం మీద రగ్గులు కప్పుకుని కూర్చుని తాగాం. నలభై ఏళ్ళు దాటిన కాపురంలో పొద్దున్న కాఫీ తన చేతికి ఎవరైనా తెచ్చి ఇవ్వడం, పురిటి మంచాన్ని వదిలేస్తే, ఇదే మొదటిసారని నాగమణి అంది. దానికి ఏం జవాబు చెప్పాలో మాకు తోచలేదు. మెహరున్నీసా కుర్రాణ్ణి పిలిచి ఇంకో నాలుగు కాఫీలు తెమ్మంది.

చూసిన చోట్ల గురించి చాలామంది రాస్తారు కాబట్టి క్లుప్తంగా చెబుతాను. ఫిబ్రవరి పూల కాలం కాదు. గులాబీ తోటలో వేసవి పూతకోసం కొమ్మలు కత్తిరించి మోళ్ళుగా ఉన్నాయి, పూలే చూడాలనుకునేవాళ్ళు మేలో వెళ్ళాలి, అప్పటి రద్దీ మా వయసుకు పనికిరాదు. 1848లో మొదలైన బొటానికల్ గార్డెన్ మాత్రం పూలు లేకున్నా చూడదగినదే. మెల్లగా నడిస్తే మూడు గంటలు పట్టింది, బల్లలు ఉన్నాయి, చెట్లు ఎంత పెద్దవంటే ఎదుట నిలబడితే మాట రాలేదు. దొడ్డబెట్ట శిఖరం 2,637 మీటర్లు. అక్కడ గాలికి నా కొంగు నిలవలేదు, పది నిమిషాల్లో కారెక్కేశాం. నీలగిరుల్లోని తోడా గిరిజన స్త్రీలు తెల్ల బట్ట మీద ఎరుపు, నలుపు దారాలతో కుట్టిన శాలువా ఒకటి సుభద్ర బేరం ఆడకుండా కొంది. ఆ కుట్టు చూస్తే బేరం ఆడడానికి నోరు రాదు. రెండు రోజులకు కారు 4,400 అయింది. గురువారం మధ్యాహ్నం చెరువు గట్టున వేడి వేడి వర్కీలు, అంటే పొరలు పొరలుగా కరకరలాడే ఊటీ బిస్కట్లు, తింటూ రెండు గంటలు ఊరికే కూర్చున్నాం. నాకు అన్నిటికన్నా నచ్చింది ఆ రెండు గంటలే.

నాగమణి మొదట్లో పూటకోసారి ఇంటికి ఫోన్ చేసేది. చింతపండు ఏ డబ్బాలో ఉంది, పప్పు ఎన్ని కూతలకు ఉడుకుతుంది, ఇవే ప్రశ్నలు. గురువారం తను ఫోన్ చెయ్యడం మరిచిపోయింది. రాత్రి ఎనిమిదింటికి ఆయనే చేశారు. ఏం కావాలో అడుగుతారనుకున్నాం. బీరకాయ కూర చేశాననీ, బాగానే కుదిరిందనీ చెప్పడానికి చేశారట. నాగమణి ఫోన్ పెట్టేసి, "నాకూ కొంచెం దాచి ఉంచాల్సింది," అంది.

శనివారం మధ్యాహ్నం రెండింటికి ఊటీలో కొండ రైలు ఎక్కాం. మా వయసు ఆడవాళ్ళు తప్పక తెలుసుకోవలసిన విషయం ఇది: ఆ పెట్టెల్లో మరుగుదొడ్లు ఉండవు, ప్రయాణమేమో మూడున్నర గంటలు. డాక్టరుగారి చీటీ ప్రకారం నాగమణి ఆ రోజు నీళ్ళ బిళ్ళ వేళ మార్చుకుంది. అందరం స్టేషన్లో వెళ్ళి ఎక్కాం, మళ్ళీ దారిలోని కూనూరు స్టేషన్లో దిగాం. అక్కడ డీజిల్ ఇంజను తీసేసి ఆవిరి ఇంజను తగిలిస్తారు కాబట్టి తీరుబడిగా వెళ్ళి రావచ్చు, తొందర పడక్కర్లేదు.

కూనూరు నుంచి కల్లారు దాకా పట్టాల నడుమ పళ్ళున్న ఇంకో పట్టా ఉంటుంది. ఇంజను కింది పళ్ళచక్రం దాన్ని పట్టుకుని జారకుండా దింపుతుంది, పెట్టె పెట్టెకూ ఒక బ్రేకుమనిషి నిలబడి ఉంటాడు. దాదాపు పన్నెండు అడుగులు పోతే ఒక అడుగు దిగేంత వాలు అది. దారి మొత్తంలో సొరంగాలు పదహారు. మొదటి సొరంగంలోకి వెళ్ళగానే పెట్టెలో పిల్లలందరూ కేక పెట్టారు. రెండోదానికి నాగమణి పెట్టింది. మూడోదానికి నలుగురం పెట్టాం. ముప్ఫై ఏళ్ళు పిల్లల్ని గోల చెయ్యొద్దని కూర్చోబెట్టినదాన్ని, ఆ చీకట్లో గొంతెత్తి అరిచి, వెలుతురులోకి రాగానే ఎదుటి సీట్లోని ఏడేళ్ళ పాపతో కలిసి పగలబడి నవ్వాను. హిల్‌గ్రోవ్ స్టేషన్లో ఇంజను నీళ్ళు పట్టుకునేటప్పుడు కోతులతో జాగ్రత్త. సుభద్ర చేతిలోని వర్కీ పొట్లం క్షణంలో చెట్టెక్కింది.

సాయంత్రానికి మేట్టుపాళయం, రాత్రికి నీలగిరి ఎక్స్‌ప్రెస్, ఆదివారం చెన్నైలో జనశతాబ్ది, మధ్యాహ్నానికి తెనాలి. ఉమ్మడి డబ్బా లెక్క సుభద్ర రైల్లోనే చూసింది. మొదట తలా 12,000 వేశాం, మధ్యలో తలా 1,500 కలిపాం. అన్నీ పోను, సొంత కొనుగోళ్ళు కాకుండా, మనిషికి పదమూడు వేల పైచిలుకు అయింది. ఇందులో గదులకూ హీటర్లకూ కలిపి అయిదు వేలు. నా మోకాళ్ళు మామూలు స్థితికి రావడానికి వారం పట్టింది, నీలగిరి తైలం బాగానే పనిచేసింది.

వెయిటింగు లిస్టు టిక్కెట్ల డబ్బు నాలుగు రోజుల్లో ఖాతాలో పడింది. దాన్ని పంచుకోకుండా డబ్బాలోనే ఉంచాం. పైకి ఎక్కే కొండ రైలు మాకింకా బాకీ ఉంది. వచ్చే జనవరిలో వెళ్ళాలంటే నవంబరులోనే ఉదయం ఎనిమిదికి కూర్చోవాలి. ఈసారి నాలుగు ఫోన్లూ తనే ఛార్జింగు పెట్టి ఉంచుతానని నాగమణి వాళ్ళాయన మాట ఇచ్చారు.